పురాణం మాటున తిరుగుబాటు: మూకీల కాలంలో మన వీరులు
(రఘుపతి వెంకయ్య నాయుడు గారి స్మృతిలో విజయవాడలో చేసిన ఉపన్యాసానికి ముద్రణ పాఠం)



తెలుగు సినిమాకు పితామహుడని మనం గౌరవంగా చెప్పుకునే రఘుపతి వెంకయ్య గారు బందరు బిడ్డ. ఈ కృష్ణా డెల్టా గడ్డ మీద పుట్టి, మద్రాసులో ఫొటో స్టూడియో పెట్టి, అక్కడి నుంచి బర్మా, సింహళం దాకా బొమ్మలు ఆడించుకుంటూ తిరిగిన మనిషి. ఆయన స్మృతిలో మాట్లాడే అవకాశం రావడం నా అదృష్టం. ఆయన కాలంలోని ఒక ప్రశ్ననే ఈ పూట మీ ముందు పెడతాను.

మూకీల కాలం మన స్వాతంత్ర్యోద్యమం ఉరకలెత్తిన కాలం కూడా. దేశం భగ్గున మండుతుంటే మన సినిమావాళ్లు భీష్ముడి కథలు, గజేంద్రుడి కథలు తీస్తూ కూర్చున్నారని, తొలి తెర ప్రజల పోరాటానికి దూరంగా ఉండిపోయిందని చాలామంది అనుకుంటారు. ఈ అభిప్రాయం సరికాదని నా వాదన. ఆనాడు పురాణం ఒక్కటే తిరుగుబాటుకు దొరికిన తెర. అయితే ఆ తెర చాటున చోటు దొరకని వీరులూ ఉన్నారు. ఈ రెండు మాటలూ కలిపి చెబితేనే నిజం పూర్తవుతుంది.

ఐర్లండు తీసిన దారి

మన పరిస్థితి తెలియాలంటే ముందు అదే బ్రిటిషు రాజు ఏలుబడిలో ఉన్న మరో దేశాన్ని చూడాలి. 1910లో అమెరికాలోని కేలెం అనే సినిమా కంపెనీ తన దర్శకుడు సిడ్నీ ఓల్కాట్‌ను, నటి, కథారచయిత్రి జీన్ గాంటియర్‌ను ఐర్లండుకు పంపింది. ఓల్కాట్ కెనడాలో పుట్టిన ఐరిష్ సంతతివాడు. వాళ్లు తీసిన ‘ద ల్యాడ్ ఫ్రమ్ ఓల్డ్ ఐర్లండ్’లో ఒక పేద కుర్రాడు అమెరికా వలసపోయి నాలుగు రాళ్లు సంపాదించి, తన ప్రియురాలి కుటుంబాన్ని ఇంట్లోంచి గెంటేస్తున్న వేళకు తిరిగొచ్చి కాపాడతాడు. భూస్వామి దయాదాక్షిణ్యాల మీద బతికిన రైతు ఎవరికైనా అర్థమయ్యే కథ అది.

మరుసటి ఏడాది కెర్రీ ప్రాంతంలోని బ్యూఫోర్ట్ అనే పల్లెను స్థావరం చేసుకుని వాళ్లు తీసిన ‘రోరీ ఓమోర్’ ఒక తిరుగుబాటుదారుడి కథ. సైనికులు తరుముతుంటే కొండల్లో, సరస్సుల వెంట తప్పించుకు తిరిగే వీరుడు, డబ్బుకు ఆశపడి అతణ్ణి పట్టించే ద్రోహి, అతణ్ణి తప్పించడానికి తన ప్రాణం ధారపోసే మతగురువు అందులోని ముఖ్యపాత్రలు. ఓల్కాట్ 1914లో మళ్లీ అక్కడికి వెళ్లి, 1803లో డబ్లిన్‌లో ఉరికంబమెక్కిన రాబర్ట్ ఎమ్మెట్ పేరు మీద ‘బోల్డ్ ఎమ్మెట్, ఐర్లండ్స్ మార్టిర్’ తీశాడు. ప్రపంచయుద్ధం నడుస్తోంది. పల్లెల్లో కుర్రాళ్లను సైన్యంలో చేర్చుకునే పనికి ఈ బొమ్మ అడ్డు తగులుతుందని అధికారులు ఐర్లండులో దాని ప్రదర్శన ఆపించారు. వాల్టర్ మక్నమారా తీసిన ‘ఐర్లండ్ ఎ నేషన్’ 1917 జనవరిలో డబ్లిన్‌లో రెండు రోజులు ఆడగానే నిషేధానికి గురైంది.

ఇక్కడ గమనించాల్సిన విషయం ఒకటి ఉంది. ఐరిష్ వీరుల్ని పేరు పెట్టి తెరకెక్కించగలిగింది అమెరికా పెట్టుబడి. ఆ బొమ్మలకు అసలు ప్రేక్షకులు న్యూయార్కులో, బోస్టన్‌లో స్థిరపడ్డ లక్షలాది ఐరిష్ వలసజనం. బ్రిటిషు అధికారి డబ్లిన్‌లో బొమ్మ ఆపించగలడు గాని బోస్టన్‌లో ఆపించలేడు. వాళ్ల తిరుగుబాటుకు సముద్రం అవతల ఒక తెర ఉంది. ఆ తర్వాత సొంతగడ్డ మీదే 1916లో ఫిల్మ్ కంపెనీ ఆఫ్ ఐర్లండ్ పుట్టింది. 1918లో ఐరిష్ రచయిత కికమ్ నవల ఆధారంగా రైతుల వెతల్ని ‘నాక్‌నగౌ’గా తీసింది. 1920లో ‘విల్లీ రైలీ అండ్ హిజ్ కొలీన్ బాన్’ తీసిన జాన్ మెక్‌డొనా, 1916 నాటి డబ్లిన్ తిరుగుబాటు నాయకుల్లో ఒకడిగా కాల్చివేతకు గురైన కవి థామస్ మెక్‌డొనాకు తమ్ముడు.

ఈ థామస్ మెక్‌డొనా పాఠాలు చెప్పిన డబ్లిన్ యూనివర్సిటీ కాలేజీలోనే ఆ రోజుల్లో మన తెలుగు యువకుడొకడు చదువుకుంటున్నాడు. ఆయనే వరాహగిరి వెంకటగిరి, తర్వాతి కాలంలో మన రాష్ట్రపతి. 1913లో న్యాయశాస్త్రం చదవడానికి వెళ్లిన గిరి గారు ఐరిష్ జాతీయవాదులతో దగ్గరై, తిరుగుబాటు అణచివేత తర్వాత 1916లో ఆ దేశం విడిచి రావలసి వచ్చింది. ఐరిష్ కవి జేమ్స్ కజిన్స్ సరిగ్గా అటునుంచి ఇటు వచ్చి మదనపల్లె కళాశాలలో పాఠాలు చెప్పాడు. 1919లో రవీంద్రుడు మదనపల్లె వచ్చినప్పుడు ‘జనగణమన’కు స్వరలిపి సిద్ధం చేసింది ఆయన భార్య మార్గరెట్. కాబట్టి ఐర్లండు మాట ఎత్తడం దూరపు చుట్టరికం కలపడం కాదు. ఆ దేశపు గాలి మన గుమ్మంలోకి వచ్చింది, మన పిల్లలు ఆ గాలి పీల్చి వచ్చారు.

చట్టం గీసిన గీత

మన దగ్గర సంగతి వేరు. నాటకాలను అదుపు చేయడానికి 1876లోనే చట్టం వచ్చింది. సినిమాకు 1918లో సినిమటోగ్రాఫ్ చట్టం చేశారు. 1920లో బొంబాయి, కలకత్తా, మద్రాసు, రంగూన్‌లలో సెన్సారు బోర్డులు ఏర్పడ్డాయి. మద్రాసు బోర్డుకు పెద్ద ఆ నగర పోలీసు కమిషనరే. బొమ్మ బాగుందా లేదా అని చూసే బోర్డు కాదది, శాంతిభద్రతల కాపలా.

బోర్డు సంగతి తెలిశాక ఏ నిర్మాతా తిరుగుబాటుదారుణ్ణి పేరు పెట్టి తెర మీదికి తేలేడు. మనకు సముద్రం అవతల కొనుగోలు చేసే ప్రేక్షకులూ లేరు. పెట్టుబడి ఇక్కడిదే, ప్రేక్షకుడు ఇక్కడివాడే, తాళం మాత్రం పోలీసుల చేతిలో ఉంది. ఇలాంటప్పుడు కథ చెప్పేవాడు ఏం చేస్తాడు? తనకూ ప్రేక్షకుడికీ బాగా తెలిసి, అధికారికి పైపైన మాత్రమే తెలిసిన కథను ఎత్తుకుంటాడు.

దీనికి తొలి ఉదాహరణ రంగస్థలం మీద దొరుకుతుంది. మరాఠీలో ఖాడిల్కర్ రాసిన ‘కీచకవధ’ నాటకంలో సైరంధ్రి కష్టం చూసిన జనానికి దేశమాత కనిపించింది, కీచకుడిలో వైస్రాయి కర్జన్ కనిపించాడు. ప్రభుత్వం 1910లో దాన్ని నిషేధించింది. 1917 ప్రాంతంలో మద్రాసులో నటరాజ మొదలియార్ దక్షిణాదిన తొలి కథాచిత్రం తీయడానికి పూనుకున్నప్పుడు ఎంచుకున్నదీ ఆ కీచకవధ కథనే. మన డెల్టా పల్లెల్లో వానలు పడకపోతే ఆ కథ ఉన్న విరాటపర్వం చదివించుకునేవాళ్లు. అజ్ఞాతవాసంలో తమ పేర్లు, ఆయుధాలు దాచుకుని, గడువు తీరేదాకా పంటి బిగువున అవమానం భరించిన పాండవుల కథ అది. పరాయి పాలనలో బతుకుతున్న రైతుకు ఆ కథకు టీకా చెప్పాల్సిన పనిలేదు.

సినిమాలో ఈ సంగతి 1921లో బయటపడింది. బొంబాయి కోహినూర్ కంపెనీ ‘భక్త విదుర’ తీసింది. ద్వారకాదాస్ సంపత్ వేసిన విదురుడు అచ్చం గాంధీజీలా ఖద్దరు కట్టుకుని, టోపీ పెట్టుకుని తెర మీద కనిపించాడు. కరాచీలోనూ మద్రాసులోనూ దాన్ని నిషేధించారు. పురాణం అమాయకమైన కాలక్షేపమే అయితే, విదురుణ్ణి చూసి ప్రభుత్వం జడుసుకోవలసిన అవసరమేముంది? ఆనాటి పాలకులు మన పౌరాణిక చిత్రాల గురించి ఇచ్చిన తీర్పు ఆ నిషేధమే.

1921, బెజవాడ

ఇప్పుడు మన ఊరి సంగతికి వద్దాం. 1921 మార్చి 31, ఏప్రిల్ 1 తేదీల్లో అఖిల భారత కాంగ్రెస్ కమిటీ బెజవాడలో సమావేశమైంది. తిలక్ స్వరాజ్య నిధికి కోటి రూపాయలు, కోటి మంది సభ్యులు, 20 లక్షల రాట్నాలు అన్న పిలుపు ఇక్కడి నుంచే వెళ్లింది. బందరు దగ్గరి భట్లపెనుమర్రులో పుట్టిన పింగళి వెంకయ్య గారు గాంధీజీ చేతికి జెండా ఇచ్చింది ఇక్కడే. అదే ఏడాది పోతిన శ్రీనివాసరావు గారు ఇదే ఊళ్లో మారుతీ సినిమా హాలు కట్టించారు. ఆంధ్రదేశానికి అది తొలి సినిమా హాలు. అదే ఏడాది మద్రాసులో రఘుపతి వెంకయ్య గారి కుమారుడు ప్రకాశ్ ‘భీష్మ ప్రతిజ్ఞ’ తీశారు.

జెండా, సినిమా హాలు, తెలుగువాడు తీసిన తొలి కథాచిత్రం, మూడూ ఒక్క ఏడాదివి. మన చరిత్ర పుస్తకాల్లో ఈ మూడూ వేరువేరు అధ్యాయాల్లో ఉంటాయి. జెండా రాజకీయ చరిత్రలోకి, హాలు ఊరి చరిత్రలోకి, బొమ్మ సినిమా చరిత్రలోకి పోయాయి. కాని ఈ మూడింటినీ చూసిన కళ్లు ఒకటే. పొద్దున కృష్ణ ఒడ్డున జాతీయ నాయకుల మాటలు విన్న మనిషే ఆ తర్వాత తెర ముందు కూర్చున్నాడు. తెర మీద ఏది కనబడినా ఆ మాటల వెలుగులోనే చూశాడు.

అదే సంవత్సరం చీరాల-పేరాల ఉద్యమం నడుస్తోంది. మునిసిపాలిటీ పన్నులకు తలొగ్గక జనం ఊరు ఖాళీ చేసి బయట గుడిసెలు వేసుకున్నారు. ఆ వాడకు పెట్టుకున్న పేరు రామనగర్. దుగ్గిరాల గోపాలకృష్ణయ్య గారు కట్టిన స్వచ్ఛంద సేవకుల దళం పేరు రామదండు. పెన్ను పట్టిన పండితుడు, ఎడింబరోలో చదివినవాడు, ఆధునిక రాజకీయం క్షుణ్ణంగా తెలిసినవాడు ఎందుకు రాముడి పేరు ఎంచుకున్నాడు? చదువురాని చేనేత కార్మికుడికి కూడా అరక్షణంలో అర్థమయ్యే పోరాటభాష అదే కాబట్టి. వీధిలో తిరుగుబాటు రామాయణ వేషం వేసుకున్నప్పుడు, తెర మీద భారత వేషం వేసుకుంటే తప్పేమిటి?

తండ్రీ కొడుకులు

వెంకయ్య గారు 1910 ప్రాంతంలో తన ఆస్తి పణంగా పెట్టి క్రోనోమెగాఫోన్ అనే యంత్రం తెప్పించారు. బొమ్మ కదులుతుంటే దానికి జతగా గ్రామఫోను పలికే యంత్రం అది. మద్రాసు విక్టోరియా పబ్లిక్ హాల్లో ప్రదర్శించి, ఊరూరా తిప్పారు. 1914లో మౌంటు రోడ్డు మీద గెయిటీ థియేటరు కట్టారు. మద్రాసులో భారతీయుడు కట్టించిన తొలి సినిమా హాలు అదే. తర్వాత క్రౌన్, గ్లోబ్ కట్టారు. దొరల హాళ్ల మధ్య దేశీయుడి హాలు నిలబెట్టడం ఆ రోజుల్లో వ్యాపారం ఒక్కటే కాదు, ఆత్మగౌరవం కూడా.

కొడుకు ప్రకాశ్‌ను ఇంగ్లండు పంపి బార్కర్ స్టూడియోలో పని నేర్పించారు. ఆయన తిరిగొచ్చాక స్టార్ ఆఫ్ ది ఈస్ట్ కంపెనీ పెట్టి, సూర్యకాంతి పడేలా అద్దాల స్టూడియో కట్టారు. తొలి ప్రయత్నం ‘భీష్మ ప్రతిజ్ఞ’. భీష్ముడి పాత్ర ప్రకాశే వేశారు. ఆడవాళ్లు తెర మీదికి రావడానికి జంకే రోజులు గనక గంగ పాత్రకు పెగ్గీ కాస్టెల్లో అనే ఆంగ్లో-ఇండియన్ యువతిని తీసుకున్నారు. తర్వాత ‘గజేంద్ర మోక్షం’, ‘మత్స్యావతారం’, ‘నందనార్’ వంటివి తీశారు. ప్రకాశ్ దగ్గర పని నేర్చుకున్నవాళ్లలో సి. పుల్లయ్య గారు కాకినాడలో తన ఇంటి దగ్గరే ‘భక్త మార్కండేయ’ మూకీ తీసి, యముడి వేషం తానే కట్టి, ఊళ్లు తిప్పి ఆడించారు.

ఈ పేర్లు ఒక్కసారి మళ్లీ వినండి. రాజ్యం చేతికందుతున్నా వద్దని మాట మీద నిలబడ్డవాడు భీష్ముడు. మొసలి పట్టిన కాలు విడిపించుకోలేక ఏళ్ల తరబడి పెనుగులాడి చివరికి విముక్తి పొందింది గజేంద్రుడు. గుడి లోపలికి రానివ్వని కులం నుంచి వచ్చి దైవాన్నే కదిలించినవాడు నందనార్. యమపాశానికి లొంగని పసివాడు మార్కండేయుడు. వీళ్ల మీద బొమ్మ తీసినవాళ్లంతా రహస్యంగా రాజకీయ ప్రచారం చేశారని నేను అనడం లేదు. వాళ్లకు భక్తి ఉంది, జనానికి నచ్చే కథ కావాలన్న వ్యాపార దృష్టీ ఉంది. అయితే త్యాగం, నిగ్రహం, ప్రతిజ్ఞ, బంధవిముక్తి అన్న మాటలు వీధిసభల్లో రోజూ మారుమోగుతున్న కాలంలో ఆ కథలకు కొత్త అర్థం వచ్చి చేరింది. దాన్ని చేర్చినవాడు ప్రేక్షకుడు.

మూకీ ప్రదర్శన అందుకు ఎంతో వీలిచ్చింది. బొమ్మకు మాట లేదు. టైటిల్ కార్డులు చదవలేని జనం కోసం తెర పక్కన ఒక వ్యాఖ్యాత నిలబడి కథ చెప్పేవాడు. హార్మోనియం, తబలా వాయించేవాళ్లు ఉండేవారు. సెన్సారు రీలును కత్తిరించగలదు గాని, హాల్లో నిలబడ్డవాడి గొంతులోని విరుపును కత్తిరించలేదు. తోలుబొమ్మలాట, వీధినాటకం, కూచిపూడి భాగవతం చూసి పెరిగిన డెల్టా జనానికి కథ మధ్యలో ఆపి లోకం సంగతి కలపడం కొత్త కాదు. మూకీ వచ్చి మన కళారూపాల పక్కనే పీట వేసుకుని కూర్చుంది.

చోటు దొరకని వీరులు

ఇక రెండో మాట. పురాణం అందరినీ మోయలేకపోయింది.

పెదనందిపాడులో రైతులు పన్ను కట్టబోమని భీష్మించారు. 1922 ఫిబ్రవరిలో పల్నాటి పుల్లరి (పశువుల మేత పన్ను) పోరాటంలో కన్నెగంటి హనుమంతు తుపాకి గుండ్లకు ఒరిగాడు. 1922 ఆగస్టులో చింతపల్లి పోలీసు స్టేషను మీద పడి తుపాకులు ఎత్తుకుపోయిన అల్లూరి సీతారామరాజు 1924 మే 7న కొయ్యూరులో బలయ్యాడు. ఇవన్నీ మూకీలు ఆడుతున్న రోజులే. ఐర్లండుకు రోరీ ఓమోర్ దొరికినట్టు మన మూకీ తెరకు హనుమంతు దొరకలేదు, సీతారామరాజు దొరకలేదు. మన్యం గిరిజనుడికి, పశువులు మేపుకునే పల్నాటి రైతుకు పురాణంలో సరిపోయే వేషం లేదు. పురాణం వేషం ఇచ్చింది రాజులకు, ఋషులకు, భక్తులకు. అందుచేత తెర మీది తిరుగుబాటులో త్యాగం కనిపించింది గాని, భూమి కనిపించలేదు.

భూమిని తెర మీదికి తెచ్చినవాడు కూడా కృష్ణా జిల్లా వాడే. నందమూరులో పుట్టిన గూడవల్లి రామబ్రహ్మం 1938లో ‘మాలపిల్ల’తో అంటరానితనాన్ని, 1939లో ‘రైతుబిడ్డ’తో జమీందారీ పీడనను తెరకెక్కించాడు. అప్పటికి బొమ్మకు మాట వచ్చింది, మద్రాసులో కాంగ్రెసు మంత్రివర్గం ఏర్పడింది, జమీందారీ రైతుల సమస్యల మీద ప్రకాశం పంతులు గారి కమిటీ విచారణ జరిపింది. అయినా ‘రైతుబిడ్డ’ను జమీందార్లు అడ్డుకున్నారు, కొన్నిచోట్ల నిషేధం పడింది. ఆ చిత్రానికి పెట్టుబడి పెట్టింది స్వయంగా జమీందారైన చల్లపల్లి రాజా వారు కావడం మన చరిత్రలో మరువరాని విషయం. రామబ్రహ్మం ఆ తర్వాత మన పల్నాటి వీరగాథకు వెళ్లాడు. ఐరిష్ విప్లవకారులకు తమ పురాణాల్లోని కుహూలిన్ ఎలాంటి బాలవీరుడో మనకు బాలచంద్రుడు అలాంటివాడు. ‘పల్నాటి యుద్ధం’ పూర్తికాకముందే 1946లో రామబ్రహ్మం కన్నుమూస్తే, ఎల్.వి. ప్రసాద్ గారు దాన్ని పూర్తిచేసి 1947లో విడుదల చేశారు. సీతారామరాజు కథ నిండు చిత్రంగా రావడానికి 1974 మే దాకా ఆగాల్సి వచ్చింది. అంటే ఆయన నేలకొరిగిన సరిగ్గా 50 ఏళ్లకు. నటుడు కృష్ణ గారు తన నూరవ చిత్రంగా దాన్ని ఎంతో సాహసించి తీశారు, జనం గుండెలకు హత్తుకున్నారు. ఆ ఆదరణలో మూకీల నాటి నుంచి పేరుకుపోయిన ఆకలి ఉంది.

పోయినవి, మిగిలినవి

ఇంత చెప్పినా ‘భీష్మ ప్రతిజ్ఞ’లోని ఒక్క దృశ్యం కూడా మీకు చూపించలేను. ఆ బొమ్మ ప్రింటు మిగల్లేదు. నైట్రేటు ఫిల్ము సులభంగా అంటుకుంటుంది, వేడికీ తేమకీ కుళ్లిపోతుంది. టాకీలు రాగానే మూకీలకు విలువ పోయింది, పాత రీళ్లను కరిగించి వెండి తీసుకున్నారు. దక్షిణాది మూకీల్లో ‘మార్తాండ వర్మ’ ఒక్కటే చూడదగ్గ స్థితిలో మిగిలి, పుణెలోని జాతీయ ఫిల్మ్ ఆర్కైవ్‌కు చేరింది.

ఐర్లండు వైపు చూడండి. కేలెం చిత్రాల్లో మిగిలినవాటిని వాళ్లు వెతికి పట్టుకుని, శుభ్రం చేసి, 2011లో డీవీడీలుగా తెచ్చారు. ‘రోరీ ఓమోర్’ను ఇవాళ అక్కడి బడిపిల్లవాడు చూడగలడు. అమెరికా కంపెనీ తీసిన బొమ్మను కూడా వాళ్లు తమ జ్ఞాపకంగా దాచుకున్నారు. మన వాడు, మన డబ్బుతో, మన కథ మీద తీసిన బొమ్మను మనం దాచుకోలేదు.

రీళ్లు పోయినా అన్నీ పోలేదు. బందరు, గుడివాడ, ఏలూరు, తెనాలి, బెజవాడ ఇళ్లలో అటకల మీద పాత కరపత్రాలు, పాటల పుస్తకాలు, హాళ్ల టిక్కెట్టు పుస్తకాలు, లెక్కల చిట్టాలు, ఫొటోలు ఇంకా ఉండి ఉంటాయి. దశాబ్దాలుగా బెజవాడ గాంధీనగర్‌లో సినిమా పంపిణీ చేసిన ఆఫీసుల బీరువాల్లో చరిత్ర ఉంది. అవి చెదలకు, పాత కాగితాల బండికి పోకముందే ఒకచోట చేరాలి.

అందుకని ఈ సభ ముందు మూడు విన్నపాలు పెడుతున్నాను. మొదటిది ప్రభుత్వానికి. వెంకయ్య గారి పేర అవార్డు పెట్టడం మంచిదే, ఆయన పుట్టిన జిల్లాలో ఒక సినిమా పత్రభండారం కూడా పెట్టండి. రెండోది మన విశ్వవిద్యాలయాలకు. 1921ని జెండాతో పాటు, మారుతీ హాలుతో పాటు, ‘భీష్మ ప్రతిజ్ఞ’తో పాటు కలిపి ఒకే పాఠంగా చెప్పించండి. మూడోది మీకు. మీ ఇంట్లో తాతగారి పెట్టెలో సినిమాకు సంబంధించిన ఒక్క కాగితం దొరికినా చించకండి, అమ్మకండి. ఫొటో తీసి, ఎవరిదో ఏనాటిదో రాసి, దగ్గరి గ్రంథాలయంలో అప్పగించండి. వెంకయ్య గారికి మనం చేయగల స్మారకం అదే.